ఇరవై రెండో తేదీ కుట్టు

ఈ ఉదయం ఆఫీసు తలుపు తీసి, గోడ మీది క్యాలెండరులో నిన్నటి కాగితం చించబోతే చేయి మధ్యలో ఆగిపోయింది. సగం దాకా చర్రుమని వచ్చిన కాగితం అక్కడే పట్టుకుంది. వేళ్ల కింద గరుకుగా దారం తగిలింది. ఎర్ర దారం. కుట్టింది నేనే. రెండు నెలల కిందట ఈ చేత్తోనే దబ్బనం పట్టుకుని కుట్టాను. ఏ కేసు కోసమో కూడా గుర్తుంది. ఆ కాగితాలు పోయిన వారమే కోర్టులో వేసేశాను, దారం కోయడం ఒక్కటే మరిచాను. ఇదంతా తెలిసి కూడా గుండె ఝల్లుమంది. హ్యాండ్‌బ్యాగు భుజానికి ఉండగానే బీరువా తెరిచి, ఫైలు తీసి, కోర్టు ముద్ర మీది తేదీ రెండుసార్లు చూసుకుంటే గానీ కుర్చీలో కూర్చోలేకపోయాను. ఇన్నేళ్లుగా నల్లకోటు వేసుకుంటున్నదాన్ని, ఒక దారప్పోగుకి ఇంత హడలిపోవడం చూస్తే ఎవరైనా నవ్వుతారు. నవ్వనీ. ఈ భయం నాకు పుట్టుకతో వచ్చింది కాదు, ఒక మనిషి దగ్గరుండి నేర్పినది.

ఆయన పేరు గోవిందప్ప. బెంగళూరు బళేపేటలో, గాజుల అంగళ్ల పైన మేడ మీద ఉండే మా సీనియర్ వకీలుగారి ఆఫీసులో గుమాస్తా. వాళ్ల తాతల కాలం నుంచీ ఆ పేటలోనే ఉన్న తెలుగువాళ్లు. నేను చేరేనాటికి ఆయనకు అరవై దాటింది. సన్నటి మనిషి, మెడలో కళ్లజోడు తాడు, చొక్కా జేబులో ఒక బ్లేడు ముక్క కాగితంలో చుట్టి ఉండేది. నేను హిందూపురం నుంచి వచ్చి, ఎలక్ట్రానిక్ సిటీలో ఉద్యోగం చేసే మా అక్కతో హెబ్బగోడిలో అద్దె గదిలో ఉండేదాన్ని. రెండు బస్సులు మారి ఆఫీసుకు వచ్చేసరికి ఆయన అప్పటికే ఫైళ్లు కుడుతూ కూర్చుని ఉండేవాడు. నేను మామా అనేదాన్ని, ఆయన నన్ను పాపా అనేవాడు. లా పట్టా చేతికి వచ్చిన కొత్త కదా, ఒక గుమాస్తా నాకు పని నేర్పడమేమిటని లోపల నాకు గీర ఉండేది. దాచుకోవడం ఎందుకు, చాలానే ఉండేది.

మా ఆఫీసుకు ఎక్కువగా వచ్చేవి వ్యాపారుల తగాదాలు. భాగస్తులు కోర్టుకు పోకుండా ముందే రాసుకున్న ఒప్పందం ప్రకారం ఒక మధ్యవర్తిని పెట్టుకుంటారు. ఆయన ఇచ్చే తీర్పును అవార్డు అంటారు. అది నచ్చనివాళ్లు కోర్టుకు రావచ్చు. కానీ అవార్డు చేతికి అందిన రోజు నుంచి మూడు నెలల లోపే రావాలి. ఆలస్యానికి సరైన కారణం చూపిస్తే జడ్జిగారు ఇంకో ముప్పై రోజులు ఇవ్వవచ్చు. ఆ పైన ఒక్క రోజు కూడా లేదు. కొడుకు చచ్చిపోయినా, ఇల్లు కాలిపోయినా, జడ్జిగారికి కళ్లనీళ్లు తిరిగినా లేదు. చట్టం ఆయన చేతులు కూడా కట్టేసింది. కాలేజీలో ఇది నాకు పరీక్షలో ఐదు మార్కుల ప్రశ్న. గోవిందప్ప మామకు అలా కాదు. అవార్డు ఉన్న ఫైలు బల్ల మీదికి వస్తే చాలు, ఆయన మాట తగ్గిపోయేది. చేతులు తుడుచుకుని, కళ్లజోడు పెట్టుకుని, వేళ్ల మీద రెండుసార్లు లెక్కపెట్టి, ఆఖరి రోజు ఏదో తేల్చేవాడు. అప్పుడు గోడ మీది క్యాలెండరు దింపి, ఆ రోజు కాగితాన్ని దాని ముందు రోజు కాగితంతో కలిపి ఎర్ర దారంతో కుట్టేవాడు. కాగితాలు కోర్టులో పడ్డాక జేబులోంచి బ్లేడు తీసి ఆ దారం కోసేవాడు.

"డైరీలో రాసుకున్నాం కదా మామా, ఫోనులో పెట్టుకున్నాం కదా, మళ్లీ ఈ కుట్లెందుకు?" అన్నాను చేరిన కొత్తలో.

"డైరీ కన్ను చూస్తాది పాపా. కన్ను ఏమారిపోతాది. పొద్దున్నే కాగితం చించేది చెయ్యి. దారం తగిల్తే చెయ్యి నిలబడిపోతాది," అన్నాడు. తల ఎత్తకుండానే ఇంకో మాట కూడా అన్నాడు. "చదువు నువ్వు కాలేజీలో తెచ్చుకొని ఉండావు. భయం తెచ్చుకోలేదు. సుమ్నె, ఊరికే ఉంటే అది రాదు. నేనే ఇయ్యాల."

నాకు ఒళ్లు మండింది. భయపడే వకీలు దగ్గరికి ఎవడొస్తాడని మా అక్కతో చెప్పి ఆ రాత్రి అన్నం తింటూ నవ్వుకున్నాం.

ఆ భయం ఆయనకు ఎక్కడిదో కొన్నాళ్ల తరువాత తెలిసింది. మధ్యాహ్నం డబ్బాలు విప్పుకుని తింటుండగా తనే చెప్పాడు. ఆయన వేరే వకీలు దగ్గర పనిచేసే రోజుల్లో మగ్గాలు నడిపే ఒకాయన అవార్డు పట్టుకుని వచ్చాడట. ఆలస్యమై, ఆ ముప్పై రోజుల్లో ఆఖరి రోజుకు వచ్చిపడ్డారు. కాగితాలన్నీ తయారు. సంతకం పెట్టమంటే ఆయన క్యాలెండరు వంక చూసి, ఈ పొద్దు అమావాస్య, రేపు పెడతాను అన్నాడు. వకీలు ఊళ్లో లేడు. గోవిందప్ప కూడా అమావాస్యను పాటించే మనిషే కాబట్టి సరే అని తల ఊపాడు. మర్నాడు పాడ్యమి పూట కొబ్బరికాయ కొట్టి మరీ వేశారు. కొన్ని నెలల తరువాత జడ్జిగారు ఒక్క రోజు ఆలస్యమని కొట్టేశారు. తగాదాలో న్యాయం ఎవరిదో చూడనే లేదు. ఆ మగ్గాలాయన అరవలేదు, ఏడవలేదు. కోర్టు మెట్ల మీద కూర్చుని ఒకే మాట అడిగాడట, "ఎందుకప్పా నన్ను బలవంతం చేసి సంతకం పెట్టించలేదు?" అని.

"ఈ కాగితంలో పైనుండే అంకె ఒకటే కోర్టు చదవతాది పాపా," అన్నాడు మామ, ముద్ద చేతిలోనే పట్టుకుని. "కింద ఉండే అమావాస్య, రాహుకాలం, అదంతా మనం చదువుకొనేది. ఆ రెండూ నేను ఆ పొద్దు కలిపేస్తిని." డబ్బాలో సగం అన్నం అలాగే మూత పెట్టేశాడు.

అది విన్నా నాకు బుద్ధి రాలేదు. వచ్చింది సావిత్రమ్మ వల్ల. మా ఆఫీసుకు నాలుగు అంగళ్ల అవతల ఆమెది గాజుల అంగడి. భర్త, ఆయన భాగస్తుడు కలిసి పెట్టింది. ఇద్దరికీ చెడి, మధ్యవర్తి దాకా పోయారు. భర్త ఆసుపత్రిలో ఉండగా ఆఖరి వాయిదా వచ్చింది, ఇంకో తేదీ ఇవ్వమన్నా మధ్యవర్తి ఇవ్వలేదు. అవార్డు రాకముందే జూన్ నెలలో భర్త పోయాడు. ఆ తరువాత వచ్చిన అవార్డులో అంగడి మొత్తం భాగస్తుడికే రాసి ఉంది. ఆమె దుఃఖంలో ఉండిపోయింది. చుట్టాలు మాట్లాడి సర్దుతామన్నారు, ఎవరూ సర్దలేదు. అక్టోబరు మొదట్లో భాగస్తుడు వచ్చి, కోర్టు సెలవులు కానిచ్చి తాళాలు ఇయ్యండి అన్నాక గానీ మా మెట్లెక్కలేదు.

ఆ రోజు సోమవారం, ఆరో తేదీ. సీనియర్‌గారు హైకోర్టులో ఉన్నారు. నేనే కూర్చోబెట్టి అడిగాను. సావిత్రమ్మ చీర కొంగు వేలికి చుట్టుకుంటూ, విప్పుతూ మాట్లాడింది.

"నాకు పిల్లలు లేరమ్మా. పెండ్లయిన మూడో నెల నుంచి ఆ అంగడి గద్దె మీద కూచొని ఉండాను. పేటలో పెండ్లికూతుళ్లకంతా నా చేత్తోనే గాజులు తొడిగినాను. అది పోతే పొద్దున్నే లేచి నేను యాడికి పోవాల?"

"అవార్డు మీ చేతికి ఎప్పుడు అందిందమ్మా?"

"జూన్ ఇరవై రెండు. ఆయన పన్నెండో దినం అయిన మర్నాడు. బాగా జ్ఞాపకం ఉండాది."

నేను చకచకా లెక్క వేశాను. సెప్టెంబరు ఇరవై రెండుకు మూడు నెలలు అయిపోయాయి. ముప్పై రోజులు కలిపితే అక్టోబరు ఇరవై రెండు. కోర్టుకు దసరా సెలవులు పదకొండు నుంచి పందొమ్మిది దాకా. ఇరవైన తెరుస్తారు. సెలవుల్లో తీరిగ్గా రాసి, తెరిచిన రోజే వేసేస్తే ఇంకా రెండు రోజులు మిగులే. అదే చెప్పి ఆమెకు ధైర్యం చెప్పి పంపాను. మామకు తేదీ చెప్తే, ఇరవై రెండో తేదీ కాగితం కుట్టాడు. కుట్టి, క్యాలెండరు తగిలించి, దాని వంకే చూస్తూ నిలబడ్డాడు.

"కవరు యాడుండాది?" అన్నాడు.

"ఏ కవరు?"

"అవార్డు వచ్చిన కవరు పాపా. పోస్టు కవరు."

అడగలేదన్నాను. ఎందుకు మామా, ఆమెకు తేదీ అంత బాగా గుర్తుంటే, అని విసుక్కున్నాను కూడా. ఆయన అప్పుడే సావిత్రమ్మ అంగడికి పోయి, కవరు తెమ్మని చెప్పి వచ్చాడు. ఆమె ఆ కవరు దాచింది ఎక్కడో వెతికి తెచ్చేసరికి బుధవారం మధ్యాహ్నమైంది. మామ దాన్ని కిటికీ దగ్గరికి తీసుకుపోయి తిప్పి చూశాడు. కవరు నిండా పసుపు చుక్కలు. ఆయన ముఖం అలా వాడిపోవడం నేను అంతకు ముందు చూడలేదు.

"ఈ పసుపు యాడిదమ్మా?" అని మెల్లగా అడిగాడు.

"మైల తీరినాక ఇంట్లో అంతా పసుపు నీళ్లు చల్లితిమి కదన్నా. అప్పుడు దీని మీద కూడా చల్లినాను."

"అంటే దానికి ముందే వచ్చిండాదా?"

"వచ్చింది పన్నెండో తేదీనే. ఆయన పోయిన మూడో నాడు. పోస్టాయనకు గుమ్మంలో నేనే సంతకం పెట్టినాను. మైలలో కొత్త కాగితం ఇంట్లోకి తీసుకోకూడదు కదా. గుమ్మం బయట కరెంటు మీటరు పెట్టె మీద పెట్టేస్తిని. పన్నెండో దినం అయినాక నీళ్లు చల్లి, మర్నాడు లోపలికి తీసుకొంటిమి." ఆమె మా ఇద్దరి ముఖాలూ మార్చి మార్చి చూసింది. "ఇంట్లోకి తెచ్చుకొన్నదే కదన్నా లెక్క? ఏమన్నా తప్పు చేసినానా?"

మామ కవరు బల్ల మీద పెట్టాడు. సంతకం పెట్టిన రోజు నుంచే లెక్క. జూన్ పన్నెండు. అంటే సెప్టెంబరు పన్నెండుకే మూడు నెలలు తీరాయి. ముప్పై రోజులు అక్టోబరు పన్నెండుతో తీరిపోతాయి. ఆ రోజు ఆదివారం, పైగా దసరా సెలవుల నడుమ. మొదటి మూడు నెలల్లో ఆఖరి రోజు సెలవైతే తెరిచిన రోజున వేయవచ్చు. ఈ ముప్పై రోజులకు ఆ దయ లేదు. ఆ మాట నేను చదివాను, పరీక్షలో రాశాను కూడా. అయినా ఇరవైన తీరిగ్గా వేద్దామని ఆ మనిషికి ధైర్యం చెప్పి పంపాను. ఇక మిగిలింది గురువారం, శుక్రవారం. అంతే. మెట్ల చివర నీళ్ల కుళాయి దగ్గరికి పోయి ముఖం కడుక్కుని వచ్చాను.

వచ్చి, సిగ్గులేకుండా ఒక మాట అన్నాను. ఇప్పటికీ తలుచుకుంటే చెవులు కాలతాయి. "మామా, ఆమె విప్పి చదివింది ఇరవై రెండునే కదా. అదే రాస్తే ఎవరికి తెలుస్తుంది?"

"ప్రమాణం చేసి సంతకం పెట్టేది నువ్వా, ఆయమ్మా?" అన్నాడు. కోపంగా కాదు, కవరు నా ముందుకు జరుపుతూ. "పోస్టాఫీసులో ఆయమ్మ సంతకం ఉండాది. అది వాళ్లు తెచ్చి చూపిస్తే, అంగడీ పోతాది, ఆయమ్మ మాటా పోతాది. ఉన్నది ఉన్నట్లు రాయి. మైల అని రాయి, మీటరు పెట్టె అని రాయి, పసుపు అని కూడా రాయి. జడ్జి కూడా ఈ ఊరి మనిషే. కూచో. రాయి."

సీనియర్‌గారు హైకోర్టు నుంచి నేరుగా వచ్చారు. ఆయన చెప్పడం, నేను టైపు చేయడం, మామ జెరాక్సుకు పరిగెత్తడం. గురువారమంతా నాకు తిన్నది గుర్తు లేదు. ప్రతి పేజీలో ఏదో మరిచానని అనిపించేది. ముద్రించాక చూస్తే ఒకచోట జూన్ బదులు జూలై అని పడింది. అది చూసి మామ కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు. ఆయన తిట్టి ఉంటే బాగుండేదనిపించింది.

శుక్రవారం, పదో తేదీ. సెలవులకు ముందు ఆఖరి పని రోజు. కోర్టు ఆవరణలో ప్రమాణ పత్రం మీద సంతకాలకు కూర్చున్నాం. సావిత్రమ్మ పెన్ను పట్టుకుని చేతి గడియారం చూసింది. పదకొండు దాటింది. ఆమె చేయి కాగితం మీదికి దిగలేదు.

"అన్నా, ఇప్పుడు రాహుకాలం కదా. పన్నెండయినాక పెడితే కాదా?"

పన్నెండయినాక పెట్టవచ్చు. కానీ కౌంటరు దగ్గర వరస అప్పటికే వరండా దాటి మెట్ల దాకా వచ్చింది. ఏదైనా తప్పు పట్టి వెనక్కి ఇస్తే సరిచేసి మళ్లీ నిలబడాలి. నేను నోరు తెరవబోయాను. మామ నన్ను ఆపాడు. ఆయన నుదుటి మీద చెమట పట్టింది. ఆమె ముందు నేల మీద గొంతుక్కూర్చున్నాడు.

"తల్లీ, ఒకసారి ఒకాయన ఇట్లే అడిగితే నేను సరే అంటిని. ఆయన అడిగిన మాట ఈ పొద్దుటికీ నా చెవిలో ఉండాది. ఈ పొద్దు నేను నిన్ను బలవంతం చేస్తా ఉండాను. పెట్టు."

ఆమె కాగితాలు దగ్గరికి లాక్కుంది. "మైలలో వచ్చిన కవరన్నా ఇది. దానికి రాహుకాలం వచ్చి కొత్తగా చేసేదేముండాదిలే," అని గబగబా అన్ని పేజీల మీదా సంతకం పెట్టేసింది. పెట్టినాక భోరున ఏడ్చింది. మామ వరసలోకి పరిగెత్తాడు.

ఒకసారి వెనక్కి ఇచ్చారు, స్టాంపు తక్కువైందని. మళ్లీ నిలబడ్డాం. కౌంటరు మూయడానికి ఇరవై నిమిషాలు ఉందనగా ముద్ర పడింది. ఆ చప్పుడుకి పక్కనున్న గోడ పట్టుకున్నాను.

ఆఫీసుకు వచ్చి మామ క్యాలెండరు దింపాడు. బుధవారం నాడు పన్నెండో తేదీకి వేసిన కుట్టు బ్లేడుతో కోశాడు. బ్లేడు మళ్లీ కాగితంలో చుట్టి జేబులో పెట్టుకున్నాడు.

"ఇరవై రెండుది కూడా కోసెయ్యండి మామా. అది తప్పు లెక్క కదా," అన్నాను.

"దాన్ని ఉండనీ."

"ఎందుకు?"

"ఆ పొద్దు నీ చేతికి తగలాల."

నాకు చాలా కష్టం వేసింది. రెండు రోజులు నిద్ర లేకుండా పని చేస్తే ఇదా మెప్పు అనుకున్నాను. వెళ్లొస్తానని కూడా చెప్పకుండా బస్సెక్కాను. ఆయనతో నేను మాట్లాడిన ఆఖరి మాట ఆ "ఎందుకు?" అన్నదే.

సెలవుల్లో, బుధవారం తెల్లవారుజామున గుండె నొప్పి వచ్చి గోవిందప్ప మామ పోయాడు. సీనియర్‌గారు ఫోన్ చేస్తే హెబ్బగోడి నుంచి పోయేసరికి ఇంటి ముందు జనం. సావిత్రమ్మ కూడా అక్కడే ఒక మూల నిలబడి ఉంది. ఆయన చొక్కా కొక్కేనికి వేలాడుతోంది. జేబులో ఆ కాగితపు చుట్ట అలాగే ఉంది. ఆయన భార్య దాన్ని, దబ్బనాన్ని నా చేతిలో పెట్టింది. అవి ఎవరికి చెందాలో ఆమెకు ఎవరూ చెప్పనక్కర్లేకపోయింది.

ఇరవైన కోర్టు తెరిచారు. ఆఫీసుకు పోయానే గానీ క్యాలెండరు జోలికి పోలేదు. పొద్దున్నే కాగితం చించడం ఆయన పని. అది పదో తేదీ దగ్గరే ఆగి ఉంది. మూడో రోజున సీనియర్‌గారు చూడలేక, అది సరిచెయ్యమ్మా అన్నారు. ఒక్కొక్కటే చించాను. పది, పదకొండు, పన్నెండు. ఇరవై దాకా వచ్చాయి. ఇరవై ఒకటి పట్టుకుని లాగితే రాలేదు. దారం తగిలింది.

అప్పుడు తెలిసింది. ఆ రోజు ఇరవై రెండు. నా లెక్క ప్రకారం ఆ రోజు నేను నల్లకోటు వేసుకుని, ఫైలు పట్టుకుని, ఇంకా సమయం ఉందనే ధీమాతో కోర్టు మెట్లెక్కి ఉండేదాన్ని. కౌంటరులో తీసుకునేవాళ్లు కూడా. ఆ తరువాత ఎప్పుడో జడ్జిగారు, పన్నెండుతోనే గడువు తీరింది కదా అనేవారు. సావిత్రమ్మ ఆ మెట్ల మీద కూర్చుని నన్ను ఏం అడిగి ఉండేదో నాకు స్పష్టంగా వినిపించింది. కాగితం చేత్తో పట్టుకునే గోడకు ఆనుకుని ఏడ్చాను. భయంతో ఏడ్చాను, దుఃఖం ఆ వెనక వచ్చింది.

ఆలస్యాన్ని మన్నించాలన్న అర్జీ విచారణకు వచ్చినప్పుడు అవతలి వకీలు పోస్టాఫీసు కాగితమే మొదట తీశాడు. అందులో ఉన్న తేదీ, మేము రాసిన తేదీ ఒకటే కావడంతో ఆయన మళ్లీ కూర్చున్నాడు. జడ్జిగారు మీటరు పెట్టె సంగతి రెండుసార్లు చదివి, ఆ కవరు చూపించమన్నారు. పసుపు చుక్కలు చూసి, తిరిగి ఇచ్చేసి, ఆలస్యాన్ని మన్నించారు. అసలు కేసు ఇంకో రెండేళ్లు నడిచింది. ఆసుపత్రిలో ఉన్న మనిషి మాట వినకుండా ఇచ్చిన అవార్డు చెల్లదని చివరికి కొట్టేశారు. ఆ తరువాత భాగస్తుడు ఆమెతో రాజీకి వచ్చాడు, అంగడి ఆమెకే మిగిలింది.

ఇప్పుడు నాది సొంత ఆఫీసు, అదే పేటలో. అవార్డు పట్టుకుని ఎవరు వచ్చినా, కూర్చోమనడానికి ముందే కవరు ఏదని అడుగుతాను. గుమ్మంలో సంతకం ఎవరు పెట్టారు, అప్పుడు ఇంట్లో మైల ఉందా, పురుడు ఉందా అని అడుగుతాను. వకీలమ్మ ఇవన్నీ ఎందుకడుగుతుందని వాళ్లు వింతగా చూస్తారు. చూడనీ. ప్రతి కొత్త సంవత్సరానికీ సావిత్రమ్మ తన అంగడి పేరు వేయించిన క్యాలెండరు తనే మెట్లెక్కి తెచ్చి ఇస్తుంది. ఇస్తూ, "దారం ఉండాదా అమ్మా?" అని అడుగుతుంది.

ఈ ఉదయం చిరగని కాగితం కింద దారాన్ని ఆ పాత బ్లేడుతోనే కోశాను. మొద్దుబారింది, రెండుసార్లు రుద్దవలసి వచ్చింది. ఆ మేకుకే, ఈ క్యాలెండరు వెనక, ఇంకొకటి వేలాడుతోంది, సీనియర్‌గారిని అడిగి తెచ్చుకున్న ఆ ఏటి క్యాలెండరు. అది ఇరవై ఒకటో తేదీ దగ్గర ఆగి ఉంది. ఎర్ర దారం వెలిసి గులాబీ రంగుకు తిరిగింది. చేతిలో బ్లేడు ఉంది కదా అని ఈ రోజు దాన్ని కూడా పైకెత్తి చూశాను. కోయలేకపోయాను.